ఎంగిలి పడని గవ్వలు

ప్రేమ్ బజార్‌లో, మేడమీది వాసుదేవ్ కేఫ్‌లో ఒకరోజు క్రీమ్ గిన్నె అడుగంటి, మాడి, నల్లగా పొగ లేచింది. పొయ్యికి బారెడు దూరంలో నిలబడి ఉల్లిపాయలు తరుగుతున్న డయానాకి ఆ సంగతి తెలియలేదు. కింద మెట్ల దగ్గర సైకిళ్ళకి తాళాలు వేసుకుంటున్న కాలేజీ కుర్రాళ్ళకి తెలిసింది. ముందుగదిలో కౌంటర్ దగ్గరున్న వాసుదేవ్‌కి తెలిసి, లోపలికి పరుగెత్తుకొచ్చి పొయ్యి కట్టేశాడు. వండుతున్న మనిషికి మాత్రం తెలియలేదు.

ఫోన్‌లో మాట్లాడుతూ మర్చిపోయానని చెప్పింది డయానా. ఆ ఫోన్ అప్పటికి కౌంటర్ పక్కనే గోడకి ఛార్జింగ్‌లో ఉంది. వాసుదేవ్ అది చూశాడో లేదో తెలియలేదు. కిటికీలు బార్లా తెరిచి, మాడిన గిన్నె తీసుకెళ్ళి సింకులో పడేసి వెళ్ళిపోయాడు.

అంతకు కొన్ని నెలల ముందు, క్రిస్మస్ వెళ్ళిన కొన్నాళ్ళకి ఆమెకి జ్వరం వచ్చింది. అందరికీ వచ్చినట్టే వచ్చింది, అందరికీ తగ్గినట్టే తగ్గింది. పోతూ పోతూ ముక్కులోంచి వాసననీ నాలుక మీంచి రుచినీ పట్టుకుపోయింది. ఉప్పు మరీ ఎక్కువైతే చురుక్కుమంటుంది, మిరపకాయ మండుతుంది, అంతే. అన్నం మెత్తగా ఉంటుంది, చేపముక్క జారుడుగా ఉంటుంది, టీ వేడిగా ఉంటుంది. డాక్టరు, అదే వస్తుందిలే అన్నాడు. ఎప్పుడని అడిగితే ఎవరూ చెప్పలేరన్నాడు.

మొదట్లో హడలిపోయింది. పొద్దున్న లేవగానే సబ్బు, అల్లం, కిరసనాయిలు, ఏది కనబడితే అది ముక్కు దగ్గర పెట్టుకుని చూసుకునేది. తర్వాత ఆ హడలు కూడా పోయింది. దానితోపాటు ఇంకా కొన్ని పోయినట్టు ఆమెకి తోచింది. చర్చిలో పాట పాడుతుంటే నోరు కదిలేది. స్నేహితురాలి పెళ్ళికి వెళ్తే నవ్వాల్సిన చోట నవ్వి వచ్చేసింది. ఎవరో దుప్పటి కప్పి, ఆ దుప్పటిలోంచే అందరితో మాట్లాడమన్నట్టు ఉండేది. బాధగా ఉందా అంటే అదీ లేదు.

ఇంట్లో చెప్పలేదు. వాళ్ళది ట్రాఫిక్ అనే పేటలో రైల్వే క్వార్టరు. తండ్రి కృపారావు వర్క్‌షాపులో ఫిట్టరు. వాళ్ళ వంశంలో డిగ్రీ చదివిన మొదటి మనిషి డయానా. అదీ వంట మీద డిగ్రీ. వంట చెయ్యడానికి చదువెందుకని చర్చి మెట్ల మీద నవ్వినవాళ్ళందరితోటీ కృపారావు ఒంటరిగా వాదులాడాడు. అలాంటివాడికి, నీ కూతురికి ఉప్పుకీ పంచదారకీ తేడా తెలియడం లేదని ఎలా చెప్పడం? అదీగాక, చెబితే ఆ వచ్చే ఆదివారమే పాస్టరుగారు పేరు పెట్టి ప్రార్థన చేయిస్తారు. ఆయన ప్రార్థనలో పడిన సంగతి సోమవారానికల్లా ఊరంతా తిరుగుతుంది. ఖరిదా పేటలో కిరాణా కొట్టు కూడా ఉన్న వాసుదేవ్ చెవిన పడడానికి ఎంతసేపు?

ఒకరోజు ఆమె ఇంటికి వచ్చేసరికి తల్లి సూసన్న ఎండునెత్తళ్ళు వేయిస్తోంది. డయానా చెప్పులు విప్పుతూ, ఇవాళ కూరేంటమ్మా అని అడిగింది. సూసన్న గరిట ఆపి కూతురి వైపు చూసింది.

"ఈది సివర వొరకూ తెలుస్తన్నాది. నీకు తెల్నేదేటే? హోటల్ కూడు మరిగినాక అమ్మ కూడు ఆనట్లేదేటి?"

డయానా కాళ్ళు కడుక్కోవడానికి వెళ్ళిపోయింది. ఆ పూట సూసన్న కంచం కూతురి ముందు పెట్టి పొయ్యి దగ్గరికి వెళ్ళిపోయింది.

కేఫ్‌లో మాత్రం కొలతలతో నెట్టుకొస్తోంది. జ్వరానికి ముందు, కొలతలు పుస్తకంలో రాసి ఉంచుకున్నా, చేతికి వచ్చినంత వేసేది. ఇప్పుడు ప్రతిదీ తూకం వేసి, చెంచాలతో కొలిచి వేస్తోంది. వెన్న రంగు చూసేది, బుడగల చప్పుడు వినేది. చాలామటుకు గండం గడిచిపోతోంది. ఆ మాడిన రోజు మాత్రం గడవలేదు.

మర్నాడు వాసుదేవ్ నెమ్మదిగానే కదిపాడు. ఒంట్లో బాగాలేకపోతే కొన్నాళ్ళు కౌంటర్ దగ్గర కూర్చోమన్నాడు. కలకత్తాలో తెలిసిన కుక్ ఒకడున్నాడు, పిలిపిస్తానన్నాడు. నాకేమీ లేదు దాదా అంది డయానా, బెంగాలీలో అన్నని పిలిచినట్టు. సరే, శనివారం మధ్యాహ్నం కాలేజీ పాత బ్యాచ్ వాళ్ళు పెళ్ళాంపిల్లలతో వస్తున్నారు, మేడంతా మాట్లాడుకున్నారు, వాళ్ళు అడిగింది నీ ఆలుగడ్డ న్యోకీయే, ఆ రోజు చూద్దాం అన్నాడు. అతను మాట మీద గట్టిగా ఉండే మనిషి. ఆ రోజు ఏదైనా తేడా జరిగితే పొయ్యి దగ్గర తన చోటు పోతుందని డయానాకి అర్థమైంది. పోతే నాన్నకేం చెప్పాలన్నది ఒక్కటే ఆమెకి తట్టిన ఆలోచన. తన గురించి ఏమీ తట్టలేదు.

శుక్రవారం రాత్రి ఎండాకాలపు కాలవైశాఖి గాలివాన కొట్టింది. చెట్లు విరిగి తీగల మీద పడ్డాయి. తెల్లవార్లూ కరెంటు లేదు. పొద్దున్నే డయానా కేఫ్‌కి వచ్చేసరికి కరెంటైతే వచ్చింది గానీ, వంటగది గుమ్మంలో ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని వాసుదేవ్ తల్లి శేషారత్నం కూర్చుని ఉంది. ఖరిదాలో వాళ్ళింటి వెనక వరండా రేకులు గాలికి లేచిపోయాయట. పనివాళ్ళు బాగుచేస్తున్నారని, ఆ గోలలో ఆవిడ ఎక్కడ ఉంటుందని వాసుదేవ్ ఇక్కడికి తీసుకొచ్చాడు. ఆవిడ తనతో మంచినీళ్ళ సీసా, రెండు అరటిపళ్ళు, ఒక చిన్న డబ్బాలో నెయ్యీ తెచ్చుకుంది.

ఆవిడ కేఫ్‌కి రావడం అదే మొదటిసారి కాదు. కానీ అక్కడ పచ్చి మంచినీళ్ళు కూడా ముట్టలేదు ఎప్పుడూ. ఏది తిన్నా ముందు దేవుడికి చూపించి తినడం ఆవిడ పద్ధతి. వండేవాళ్ళు మధ్యలో నోట్లో వేసుకుని చూస్తే అది ఎంగిలి. ముక్కు దగ్గర పెట్టుకున్నా ఎంగిలే. ఎంగిలిది దేవుడికి పెట్టదు, తను తినదు. వండింది ఎవరన్న పట్టింపు లేదు. పక్కింట్లో ఒక కులం, ఎదురింట్లో ఒక మతం ఉండే ఈ రైలుపట్నంలో ఆ పట్టింపు పెట్టుకుంటే కుదరదని ఎప్పుడో వదిలేసింది. ఎంగిలి మాత్రం వదల్లేదు. కొడుకు కేఫ్ పెట్టింది మొదలు, అమ్మ ఒక్కసారి నా చోట తింటే బాగుండునని అనుకుంటూనే ఉన్నాడు. బయటికి అడగడం మానేసి చాలాకాలమైంది.

డయానా ఆవిడకి నమస్కారం పెట్టి పనిలో పడింది. తొక్కతో ఉడికించిన చంద్రముఖి రకం ఆలుగడ్డలు వేడివేడిగా ఒలిచింది. వేళ్ళు కాలుతుంటే అరచేతులు మారుస్తూ ఒలిచింది. ఆ కాలడం ఆమెకి కొంచెం నచ్చుతుంది, ఎందుకంటే అది తెలుస్తుంది. జల్లెడ మీద వేసి గరిట వెనకతో నొక్కితే ఆలు పొగలు కక్కుతూ సన్నటి దారాల్లా కిందికి రాలింది. ఆవిరంతా పోయేదాకా పరిచి ఉంచింది. ఈ కేఫ్‌లో గుడ్డు వాడరు గనక తడి ఏమాత్రం మిగిలినా నీళ్ళలో వెయ్యగానే విచ్చిపోతుంది. మైదా జల్లి, పిసక్కుండా, కూడబెట్టినట్టుగా ముద్ద చేసింది. చపాతీపిండిలా మర్దించకూడదు, మర్దిస్తే రబ్బరైపోతుంది. ఎప్పుడు ఆపాలో చేతికి తెలియాలి. అది ఆమె చేతికి ఇంకా తెలుసు.

ముద్దని తాళ్ళలా సాగదీసి, బొటనవేలంత ముక్కలు కోసి, ఒక్కోటీ గవ్వల చెక్క మీద పెట్టి వేలితో నొక్కి దొర్లించడం మొదలుపెట్టింది. ఒక్కో ముక్కా గాట్లు పడి, కడుపులో గుంట చేసుకుని, గవ్వై పళ్ళెంలోకి దూకుతోంది.

కుర్చీలో ఉన్న శేషారత్నం ముందుకి వంగింది.

"గవ్వలు కావేటి ఇవి?"

"గవ్వలే మామ్మగారూ. ఆలుగడ్డవి. ఇటలీ వాళ్ళు న్యోకీ అంటారు."

"ఆళ్ళకీ గవ్వల సెక్క ఉన్నాదేటి?"

"ఉందిట. ఇది మాత్రం మా అమ్మది. క్రిస్మస్‌కి దీనిమీదే చేస్తాం."

"మరి బెల్లంపాకం ఏదీ?"

పాకం కాదు, పుట్టగొడుగులు, క్రీమ్ అని డయానా చెప్పింది. శేషారత్నం కాసేపు ఆ మాట నమిలింది. చిన్నప్పుడు అమ్మమ్మగారి ఊళ్ళో వానలకి పుట్టగొడుగులు లేచేవని, పులుసు పెట్టుకునేవాళ్ళమని, కానీ గవ్వల్లో వేసిన మొనగాడు మాత్రం లేడని అంది. మా వాసు ఇదమ్మి ఇల్లు కట్టినాడంటే జనానికి డబ్బులెక్కువైనాయి అని కూడా అంది. డయానా నవ్వాల్సిన చోటు గుర్తుపట్టి నవ్వింది.

పొద్దెక్కింది. ఉడకబెట్టే నీళ్ళకి ఉప్పు తూకం వేసింది. మిరియాలు దంచి కొలిచింది. పుట్టగొడుగులు తుడిచి, బిళ్ళలుగా కోసింది. శేషారత్నం అన్నీ చూస్తూనే ఉంది. ఏదో తేల్చుకున్నదానిలా ఉన్నట్టుండి అడిగింది.

"పొద్దుట్నుంచీ సూస్తన్నాను పిల్లా. ఒక్కసారైనా సెంచా నోట్లో ఎట్టనేదు. ముక్కుకాడికైనా తేనేదు. మా కోడలికి ఎన్నేళ్ళు మొత్తుకున్నాను, రానేదు. నీకెవలు నేర్పినారు?"

డయానా చేతులు ఆగాయి. అప్పుడే చెప్పి ఉండాల్సింది. చెబుదామని నోరు తెరిచింది కూడా. "అలవాటైపోయింది మామ్మగారూ" అన్న మాట వచ్చింది. అది అబద్ధం కాదు, నిజం కూడా కాదు.

ఆవిడ కొడుకుని కేకేసింది. వాసుదేవ్ వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు.

"ఒరే, ఈ పిల్ల ఎంగిలి సెయ్యకుండా వొండుతున్నాది. నాకూ ఇంత ఎట్టమను. ఎల్లుల్లి మాత్రం వొద్దు, శనోరం."

వాసుదేవ్ ముందు తల్లిని చూశాడు, తర్వాత డయానాని చూశాడు. నలభై దాటిన మనిషి, జుట్టు పల్చబడిన మనిషి, బడి నుంచి ముందుగా వదిలేసిన పిల్లాడిలా అయిపోయాడు. ఠీక్ హై, ఠీక్ హై అన్నాడు. ఇక్కడి ప్లేట్లన్నీ వాడినవి, కింద స్టీలు సామాన్ల కొట్లో ఎవరూ వాడని కొత్త కంచం కొనుక్కొస్తానని మెట్లు దిగి వెళ్ళిపోయాడు. తెరిచి ఉన్న గల్లాపెట్టె మూయడం కూడా మర్చిపోయాడు.

డయానా ఫ్రిజ్ తలుపు తీసి, లోపలున్న క్రీమ్ క్యాన్ మీద చెయ్యి వేసింది. క్యాన్ చల్లగా లేదు.

రాత్రంతా కరెంటు లేదన్నది అప్పుడు గుర్తొచ్చింది. తెల్లవారి కరెంటు వచ్చాక ఫ్రిజ్ ఇంకా పూర్తిగా చల్లబడలేదు. రోజూ తెల్లవారుజామున క్రీమ్ పోసే పాలవాడు దారిలో చెట్లు పడ్డాయని ఇవాళ రాలేదు. ఇది నిన్నటిది. ఈ ఎండల్లో రాత్రంతా వెచ్చటి పెట్టెలో ఉన్న క్రీమ్. బజార్లో దొరుకుతుందా అంటే, అందరి ఫ్రిజ్‌లూ ఈ తీగల మీదే నడుస్తాయి.

వంట తెలిసినవాళ్ళు ఎవరైనా చేసే పని ఒకటే. మూత తీసి ముక్కు పెట్టడం. డయానా మూత తీసింది, అలవాటుగా ముక్కూ పెట్టింది. చలవరాతి గోడకి ముఖం ఆనించినట్టు ఉంది. ఒక గరిటెడు తీసి చిన్న గిన్నెలో మరిగించింది. విరగలేదు. కానీ అది చాలదని ఆమెకి తెలుసు. విరగక ముందే వాసన మారుతుంది, మారిన వాసన సాస్‌లో రెట్టింపవుతుంది, ముందు పిల్లల కడుపులు పట్టుకుంటాయి. ఒక చుక్క నాలుక మీద వేసుకుందామనుకుని మానేసింది. వేసుకున్నా నాలుక ఏమీ చెప్పదు.

ముందుగదిలో ఎవరూ లేరు. వాసుదేవ్ ఇంకా రాలేదు. వంటగదిలో ఉన్న ముక్కు ఒక్కటే. అది శేషారత్నానిది.

ఆవిడని అడగకుండా వండేస్తే? క్రీమ్ బాగానే ఉండొచ్చు. చాలావరకు బాగానే ఉండొచ్చు. అప్పుడు అందరూ తింటారు, ఆవిడ తింటుంది, వాసుదేవ్ సంతోషిస్తాడు, తన చోటు తనకి ఉంటుంది. డయానా ఆ దారిన ఆలోచన చివరిదాకా నడిచింది. భయం వేస్తుందేమో, సిగ్గు వేస్తుందేమో అని చూసుకుంది. ఏదీ వెయ్యలేదు. గుమ్మంలో కూర్చున్న ముసలావిడ, తన చేతి వంట తింటానని కాళ్ళూపుకుంటూ ఎదురుచూస్తున్న మనిషి, ఎదురుగా కనబడుతోంది. అంతే. ఆవిడకి పెట్టేది పాడైందో లేదో తెలియకుండా పెట్టకూడదు. దానికి భయం, సిగ్గు అక్కర్లేదు.

క్యాన్ పట్టుకుని గుమ్మం దగ్గరికి వెళ్ళింది.

"మామ్మగారూ, ఇది ఒకసారి వాసన చూసి చెబుతారా?"

శేషారత్నం కుర్చీలో వెనక్కి జరిగింది. "నాను వాసన సూసినాక మరేటి తింటాను? నువ్వే సూసుకో. సూసుకుని నాకు సెప్పకు."

"నాకు జలుబు చేసింది."

"జలుబేటి? పొద్దుట్నుంచీ ఒక్క తుమ్మైనా తుమ్మనేదు."

డయానా ఒకసారి క్యాన్‌లోకి చూసింది. లోపల తెల్లగా, నునుపుగా, ఏమీ చెప్పకుండా ఉంది.

"నాకు వాసన రాదు మామ్మగారూ. జ్వరంతో పోయింది. రుచి కూడా లేదు. నేను నోట్లో పెట్టుకోకపోవడం దేవుడి కోసం కాదు. పెట్టుకున్నా తెలీదు, అందుకు. మీరు అనుకున్నట్టు నాకెవరూ ఏమీ నేర్పలేదు."

శేషారత్నం తన మెడలో తులసిపూస ఒకటి వేళ్ళతో తిప్పింది. కింద రిక్షావాడెవడో సైకిలు కుర్రాడితో బెంగాలీలో తగువు పెట్టుకున్నాడు. ఆ తగువు అయ్యేదాకా ఆవిడ వింటున్నట్టే ఉంది.

"వాసుకి తెలుసునా?"

"తెలీదు."

"మీ అమ్మకి?"

"తెలీదు."

"మరి ఎవలికి తెలుసునే?"

"మీకు."

ఆవిడ చేతులు చాచి క్యాన్ తీసుకుంది. ముఖం దగ్గరికి తెచ్చుకుంది. కళ్ళు మూసుకుని ఒకసారి, కాసేపాగి మరోసారి పీల్చింది. తర్వాత మూత పెట్టి తిరిగి ఇచ్చేసింది.

"పాల వాసనే. పాడవనేదు. నా నోటికాడి కూడే పోనాది" అంది.

వాసుదేవ్ కాగితంలో చుట్టిన కొత్త కంచంతో మెట్లెక్కి వచ్చాడు. దాన్ని కుళాయి కింద రెండుసార్లు కడిగి, తుండుగుడ్డతో కాకుండా ఎండలో ఆరబెట్టి తెచ్చాడు. శేషారత్నం డయానా వైపు చూసింది. చెప్పాల్సింది తనేనని డయానాకి తెలిసింది. చెప్పింది. ఎవరి గురించో చెబుతున్నట్టు వరసగా చెప్పింది.

"క్రీమ్ మాడిననాడు కూడా ఇదేనా?" అన్నాడు వాసుదేవ్.

"ఇదే దాదా."

"ఫోనన్నావు."

"అబద్ధం."

"మరి ఇన్నాళ్ళూ జనానికి ఏటి పెట్టినావు?"

జ్వరానికి ముందు రాసుకున్న కొలతలే వేశానని, ఒక్క గ్రాము మార్చలేదని చెప్పింది. అతను వింటున్నట్టు లేదు. చేతిలో కంచం వైపు చూసుకుంటున్నాడు. అతని కోపం వంట మీద కాదు, కంచం మీద. అమ్మ తింటానంది, అన్నాడు. రెండోసారి కూడా అదే అన్నాడు. తర్వాత కంచాన్ని ఎక్కడ పెట్టాలో తెలియక బియ్యం డబ్బా మీద పెట్టాడు.

శేషారత్నం కల్పించుకుంది. "ఆ పిల్ల నోరు మూసుకుని నాకు పెట్టీసుంటే నీకూ తెలిసీది కాదు, నాకూ తెలిసీది కాదు. ముందు పని సూడు. జనం వొచ్చీస్తారు."

జనం అప్పటికే మెట్లెక్కుతున్నారు. కింద నుంచి పిల్లల అరుపులు, ఎప్పటి హాస్టల్ పేర్లతోనో ఒకళ్ళనొకళ్ళు పిలుచుకుంటున్న మగవాళ్ళ గొంతులు వినబడుతున్నాయి. ఇంకొక కుక్ లేడు, పిలిచే వ్యవధీ లేదు. వాసుదేవ్ చొక్కా చేతులు మడిచి పొయ్యి పక్కన నిలబడ్డాడు. పప్పుల బస్తాల మధ్య పెరిగినవాడు, కందిపప్పు పాతదో కొత్తదో బస్తా మూతి విప్పకుండా చెప్పగలడు. నువ్వు చెయ్యి, నేను ముక్కు పెడతాను అన్నాడు. ఆ మాటలో ఆప్యాయత లేదు, ఇంకో దారి లేకపోవడం ఉంది.

డయానా వెడల్పాటి మూకుడులో వెన్న వేసింది. పుట్టగొడుగులు ఒకదాని మీద ఒకటి పడకుండా పరిచి, కదపకుండా వదిలేసింది. అవి నీళ్ళు వదిలాయి, నీళ్ళు ఇగిరాయి, చప్పుడు మారింది. సుయ్యిమనేది చిటపటలైంది. అంచులు గోధుమరంగు తిరిగాయి.

"ఎలా ఉంది?" అని అడిగింది.

వాసుదేవ్‌కి వాసన తెలుసు గానీ దాన్ని మాటల్లో పెట్టడం తెలియదు. వెతుక్కున్నాడు. "వాన పడ్డాక మట్టి... కాదు, మట్టిలో ఏదో వేయించినట్టు."

డయానా తలాడించింది. ఆ మాటలు ఆమె లోపలికి వెళ్ళి దేన్నీ లేపలేదు. వెల్లుల్లి వేసింది. పచ్చి పోయిందా అంటే, ఇంకొంచెం అన్నాడు. థైమ్ రెమ్మలు దూసి వేస్తే, వాములా ఉంది, కాకపోతే మెత్తటి వాము అన్నాడు. క్రీమ్ పోసింది. మంట తగ్గించు, తగ్గించు, అడుగంటుతోంది అని అతను అనేలోపే బుడగ పెద్దదవడం చూసి ఆమె తగ్గించేసింది. ఇద్దరూ ఒకరికొకరు అడ్డం రాకుండా, మాట్లాడుకోకుండా పనిచేశారు. ఉప్పునీళ్ళలో గవ్వలు మునిగి, ఒక్కొక్కటే పైకి తేలాయి. చిల్లుల గరిటతో తీసి సాస్‌లో వేసి, ఉడికిన నీళ్ళు కాసిని పోసి, మూకుడు ఎగరేసి కలిపింది. పైన కొత్తిమీరలాంటి పార్స్‌లీ తరిగి జల్లింది. వాసుదేవ్ చెంచాతో రుచి చూసి, ప్లేట్లు అందించాడు.

తినేవాళ్ళు తిన్నారు. ఒకాయన మళ్ళీ అడిగి వేయించుకున్నాడు. ఒక చిన్న పిల్ల పుట్టగొడుగులన్నీ ఏరి అంచున పెట్టింది. ఒకావిడ, పోయినసారి ఇంతకంటే బాగుందని భర్తతో అంది. ఆ మాట వంటగదిలోకి వినబడింది. వాసుదేవ్ డయానా వైపు చూడలేదు.

ఆఖరి ప్లేటు వెళ్ళాక అతను తువ్వాలుతో ముఖం తుడుచుకుని, చెప్పాల్సింది చెప్పేశాడు. సోమవారం కలకత్తా నుంచి మనిషి వస్తాడు. పొయ్యి అతనిది. పిండి, ముద్దలు, గవ్వలు డయానావి. ఆ చెయ్యి వాడికి ఉండదు. ముక్కు బాగయితే అప్పుడు చూద్దాం. అబద్ధం గురించి ఇంకోసారి మాట్లాడను, నువ్వూ ఇంకోసారి చెప్పకు.

"సరే దాదా" అంది డయానా.

ఇన్ని నెలలుగా దేనికి భయపడుతూ వచ్చిందో అది వచ్చేసింది. వచ్చి ఎదురుగా నిలబడితే, దానికీ వాసన లేదు. నాన్నకి ఇవాళే చెప్పాలి అనుకుంది. అమ్మకి ముందు చెప్పాలి. పాస్టరుగారు ప్రార్థన చేస్తే చెయ్యనీ. సింకులో గిన్నెలు నానబెట్టింది.

"ఒలే పిల్లా" అని పిలిచింది శేషారత్నం. అరటిపళ్ళు రెండూ ఒలవకుండా ఆవిడ ఒళ్ళో అలాగే ఉన్నాయి. "ఆ పళ్ళెంలో మిగిలినాయి సూడు, తెల్లవి. అవి ఎవలైనా ముట్టినారా?"

"నేనే ముట్టుకున్నాను కదా మామ్మగారూ, చేసింది నేనే."

"సెయ్యి కాదే. నోరు. ముక్కు."

డయానా ఆలోచించింది. ఆలు ఉడికించినప్పటి నుంచి గవ్వ దొర్లించేదాకా లెక్క చూసుకుంది. వాసుదేవ్ ముక్కు పెట్టింది మూకుడుకి. ఆవిడ ముక్కు పెట్టింది క్యాన్‌కి. పళ్ళెం జోలికి ఎవరూ రాలేదు.

"లేదు."

"అయితే ఉడకబెట్టి తే. నెయ్యి నాకాడ ఉన్నాది."

కొత్త నీళ్ళు పెట్టింది. మిగిలిన గవ్వలు వేసింది. అవి తేలాక తీసి, బియ్యం డబ్బా మీది కొత్త కంచంలో వడ్డించి ఇచ్చింది. శేషారత్నం డబ్బా మూత తీసి నెయ్యి వేసుకుంది. కళ్ళు మూసుకుని దేవుడికి ఏదో చెప్పుకుంది. దేవుడు తిన్నంతసేపు ఆగి, ఒక గవ్వ నోట్లో వేసుకుంది. గుమ్మం అవతల వాసుదేవ్ చేతిలో ఎంగిలి ప్లేట్ల దొంతరతో అలాగే నిలబడిపోయాడు. ఆవిడ కొడుకు వైపు చూడకుండా రెండోది తింది, మూడోది తింది. పళ్ళు తక్కువైన దవడలు నెమ్మదిగా ఆడుతున్నాయి.

"మెత్తగా వొచ్చినాయి. నమలక్కర్నేదు" అంది. "ఉప్పు సాలనేదు."

ఈ మధ్యకాలంలో డయానాకి ఆ మాట ఎవరూ చెప్పలేదు. చెప్పాలని ఎవరికీ తెలియదు. డయానా ఉప్పు డబ్బా తెచ్చి పక్కన పెట్టి, నేల మీద చతికిలబడింది.

"ఎంత తక్కువ మామ్మగారూ?"

శేషారత్నం కుడిచెయ్యి ఎంగిలి గనక ఎడమచెయ్యి డబ్బాలో పెట్టింది. మూడు వేళ్ళతో తీసి, ఎక్కువైందనుకుని కొంచెం రాల్చేసి, మిగిలింది చూపించింది. డయానా అరచెయ్యి చాపింది. ఆవిడ వేళ్ళు విప్పి ఆ ఉప్పు అందులో వదిలింది.